గర్భసంచి లోపలి పొరలో కాల్షియం

(సొసైటీ వార్షిక సమావేశం సందర్భంగా మహిళల సభలో చేసిన ప్రసంగ పాఠం)



కార్యదర్శిగారు మమ్మల్ని పిలిచినప్పుడు “బీపీ గురించో, షుగరు గురించో నాలుగు మాటలు చెప్పండి, అందరికీ పనికొస్తుంది” అన్నారు. వాటిని గురించి చెప్పేవారు చాలామంది ఉన్నారు. మేము వేరే విషయం తీసుకున్నాము. ఇది ఇంటింటా ఉండే జబ్బు కాదు. చాలా అరుదైనదనే చెప్పాలి. అయినా ఎందుకు తీసుకున్నామంటే, స్కానింగు రిపోర్టులో వచ్చే ఒకే ఒక్క వాక్యం వల్ల కాపురాలు విడిపోయేదాకా వచ్చిన సందర్భాలు మేము చూసి ఉన్నాము. ఆ వాక్యం ఇది: గర్భాశయం లోపలి పొరలో కాల్షియం ఉన్నట్లు కనబడుచున్నది.

రిపోర్టు ఇంగ్లీషులో ఉంటుంది. ఇంట్లో ఎనిమిదో తరగతి చదివే కుర్రవాడి చేత చదివిస్తారు. వాడికి కాల్షియం అన్న మాట ఒక్కటే అర్థమవుతుంది. వాడు “కాల్షియం అంటే సున్నం” అంటాడు. సాయంత్రానికల్లా “మా కోడలి గర్భసంచిలో సున్నపు రాయి ఉందట” అని వీధంతా చేరుతుంది. ఆపైన ఒక్కొక్కరు ఒక్కొక్క కారణం చెబుతారు. పాన్‌లో సున్నం ఎక్కువ వేసుకుంటుందని ఒకరు, బోరు నీళ్ళని ఒకరు, కాన్పు సమయంలో మింగిన కాల్షియం బిళ్ళలని ఇంకొకరు. ఇవేవీ కారణాలు కావు. ముందుగా ఆ పొర ఏమిటో చెప్పి తరువాత దీనికి వస్తాము.

గర్భసంచి అనేది బోర్లించిన జామకాయంత కండరపు సంచి. దానికి లోపలివైపు ఒక మెత్తని పొర ఉంటుంది. బిడ్డ నాటుకొనేది అక్కడే. ముట్టు అయిపోగానే ఆ పొర రెండు మూడు మిల్లీమీటర్ల మందంలో ఉంటుంది. మళ్ళీ ముట్టు రాబోయేనాటికి పది మిల్లీమీటర్లకు అటూ ఇటూగా పెరుగుతుంది. గర్భం రాకపోతే పైభాగం రాలిపోతుంది, అడుగుభాగం మిగిలి దానిలోనుంచి కొత్త పొర పుడుతుంది. పండుగకు ముందు గోడ గీకి మళ్ళీ వెల్ల వేసినట్లు ఇది నెలనెలా జరిగే పని. ఇట్లా నెలకొకసారి రాలిపోయేచోట ఏదైనా గట్టిపడి నిలిచిందంటే మూడే దారులు. దాని వేరు అడుగుపొరలోకి దిగి ఉండాలి, లేదా రాలడం సరిగా జరగకపోతూ ఉండాలి, లేదా ఆమెకు ముట్లు ఆగిపోయి ఉండాలి. ఈ సంగతి గుర్తుంచుకుంటే తరువాత చెప్పబోయేవి తేలిగ్గా అర్థమవుతాయి.

ఇక కాల్షియం. మన ఒంట్లో ఉండే కాల్షియంలో నూటికి తొంభైతొమ్మిది పాళ్ళు ఎముకల్లో, పళ్ళల్లో ఉంటుంది. మిగిలిన ఒక్క పాలు రక్తంలో, కండరాల్లో పని చేస్తూ ఉంటుంది. రక్తంలోని కాల్షియం ఎంత ఉండాలో మెడలో ఉన్న చిన్న గ్రంథులు, మూత్రపిండాలు చూసుకుంటాయి. మనం గ్లాసు పాలు ఎక్కువ తాగినందువల్ల అది పోయి గర్భసంచిలో కూర్చోదు. శరీరంలో ఎక్కడైనా కొంత భాగం దెబ్బ తిని, చచ్చి, లేదా చాలాకాలం వాచి ఉంటే, రక్తంలో కాల్షియం మామూలుగానే ఉన్నా అక్కడికి చేరి గట్టిపడుతుంది. చిన్నప్పుడు మెడ దగ్గర గడ్డలు కట్టి మానినవారిని చూడండి. ముసలితనంలో అక్కడ చింతగింజలాగా గట్టిగా తగులుతుంది. ఇదీ అటువంటిదే. అంటే కాల్షియం జబ్బు కాదు, ఎప్పుడో జరిగినదానికి మిగిలిన గుర్తు. ఆ జరిగినది ఏమిటో కనుక్కోవడమే డాక్టరు పని.

ఇక్కడ ఒక మాట గట్టిగా చెప్పవలసి ఉన్నది. రిపోర్టు కథ విని పక్కింటి గర్భిణీ స్త్రీ తన కాల్షియం బిళ్ళలు పెరట్లో పారేసిన సంఘటన మాకు తెలుసు. ప్రభుత్వం ఇచ్చే ఆ బిళ్ళలు నాలుగో నెల నుంచి కాన్పు వరకు, కాన్పు తరువాత ఆరు నెలలు, రోజుకు రెండు పూటలా వేసుకోవాలి. బిడ్డ ఎముకలకు, తల్లి ఎముకలకు అవి అవసరం. గర్భిణీ స్త్రీకి బీపీ పెరిగి గుర్రపువాతం రాకుండా కూడా కొంత కాపాడతాయి. వాటికీ గర్భసంచిలో కనిపించే కాల్షియానికీ ఏమీ సంబంధం లేదు. నీళ్ళలో ఫ్లోరైడు ఎక్కువైతే నల్గొండ, ప్రకాశం జిల్లాల్లో చూసినట్లు పళ్ళూ ఎముకలూ పాడవుతాయి. అది నిజమే, కాని అది వేరే కథ. పాన్ సంగతి కూడా ఇంతే. సున్నం నోటిని కాలుస్తుంది, పొగాకుతో కలిస్తే నోటి క్యాన్సరు భయం. గర్భసంచి దాకా మాత్రం పోదు.

రిపోర్టు చేతికి రాగానే మీరు డాక్టరును అడగవలసిన మొదటి ప్రశ్న “అది ఎక్కడ ఉంది?” అని. గర్భసంచిలో కాల్షియం కనిపించేవారిలో ఎక్కువమందికి అది లోపలి పొరలో ఉండదు, గోడలో ఉంటుంది. నడివయసులో వచ్చే కండరపు గడ్డలు, వాటినే ఫైబ్రాయిడ్లు అంటారు, ముట్లు ఆగిన తరువాత రక్తం అందక ఎండిపోయి సున్నం పట్టుతాయి. ఎక్స్‌రేలో అవి మరమరాల ఉండలాగా కనిపిస్తాయి. వెనుకటి వైద్యులు గర్భసంచి రాయి అన్నది చాలావరకు దీన్నే. నొప్పి, రక్తస్రావం లేకపోతే దాని జోలికి పోనక్కరలేదు. షుగరు ఉన్న పెద్దవాళ్ళలో గర్భసంచి గోడలోని రక్తనాళాలకు కూడా సున్నం పట్టుతుంది. గర్భసంచికి దానివల్ల ఇబ్బంది లేదు, షుగరూ బీపీ సరిగా చూసుకోమని చెప్పి పంపుతాము. ఎప్పుడో లోపల గీకి శుభ్రం చేయించుకున్నవారిలో పొర అంచున తెల్లని చుక్కలు కొన్ని కనిపిస్తాయి. అవీ సాధారణంగా హాని లేనివే. ఇంత చెప్పాక నిజంగా లోపలి పొరలోనే ఉన్నవారు కొద్దిమందే మిగులుతారు. ఆ కొద్దిమంది గురించే ఈ ప్రసంగం.

మొదటిది ఎముక. ఆశ్చర్యపోకండి. కొందరి గర్భసంచి లోపలి పొరలో నిజమైన ఎముక ముక్కలే దొరుకుతాయి. స్కానింగులో తళతళలాడే తెల్లని గీత, దాని వెనుక నల్లని నీడ. చూడడానికి అచ్చం కాపర్‌-టీ లాగానే ఉంటుంది. పెళ్ళయి ఏడేళ్ళయినా రెండో బిడ్డ కలగని ఒకామెకు ఇదే కనిపించి “నీవు కాపర్‌-టీ వేయించుకొని మా దగ్గర దాచావు” అని అత్తగారు నిలదీసింది. ఆమె ఏనాడూ వేయించుకోలేదని ఎంత మొత్తుకున్నా ఎవరూ నమ్మలేదు. లోపల గొట్టం పెట్టి చూస్తే కాపర్‌-టీ లేదు. పగడపు ముక్కల్లాంటి తెల్లని పలుకులు ఉన్నవి. మొదటి కాన్పు తరువాత నాలుగో నెలలో ఆమెకు ఒక గర్భం పోయింది, అది ఇంట్లో అందరికీ తెలిసినదే. కాకపోతే ఎవరూ దాన్ని దీనికి కలిపి చూడలేదు.

ఈ ఎముక ఎక్కడిది? రెండు మార్గాలున్నవి. బిడ్డకు ఎముకలు గట్టిపడడం మూడు నెలలు నిండే సమయానికి మొదలవుతుంది. ఆ తరువాత గర్భం పోయినా, తీయించుకున్నా, పూర్తిగా శుభ్రం కాకపోతే చిన్న ఎముక ముక్క గోడకు గుచ్చుకొని ఉండిపోవచ్చు. నెలనెలా పొర రాలినా అది రాలదు. ఇది ఒక మార్గం. రెండోది ఇంకా విచిత్రం. గర్భం పోయిన తరువాత లోపల చాలాకాలం వాపు ఉంటే, ఆ వాపులో ఉన్న తల్లి కణాలే ఎముక కణాలుగా మారి ఎముకను తయారు చేస్తాయి. ఇటువంటి ఎముకను జన్యు పరీక్ష చేసినచోట అది బిడ్డది కాదు, తల్లిదే అని తేలిన సందర్భాలున్నవి. ఈ రెండో మార్గం గురించి చాలామంది డాక్టర్లకు కూడా జ్ఞాపకం ఉండదు.

ఇది ఎందుకింత వివరంగా చెబుతున్నామో తల్లులకు అర్థమయ్యే ఉంటుంది. “ఎముక ఉంది” అనగానే “అయితే పెళ్ళికి ముందే ఏదో చేసింది” అనే నోళ్ళు ఉన్నవి. ఎముక కనబడినంత మాత్రాన ఆమె గర్భం తీయించుకున్నదని రుజువు కాదు. చాలామందిలో వెనుక ఒక గర్భం పోయిన చరిత్ర ఉంటుంది. అది తనంతట తాను పోయినదే కావచ్చు, ఆమె ముట్టు ఆలస్యమైందనుకొని ఊరుకున్నదే కావచ్చు. ఏ గర్భమూ లేనివారిలో కూడా, దీర్ఘకాలం లోపల వాపు ఉన్నవారిలో, అరుదుగా కనబడింది. ఆ స్కానింగు కాగితాన్ని పంచాయితీ ముందు పెట్టి ఆడపిల్ల గుణగణాలు తేల్చడానికి వైద్యశాస్త్రం ఒప్పుకోదు. మేమూ ఒప్పుకోము. ఏ డాక్టరైనా వెనుకటి సంగతులు అడగవలసి వస్తే ఆమెను ఒంటరిగా కూర్చోబెట్టి అడగాలి. అత్తగారినీ, తల్లినీ, భర్తనూ కూడా కాసేపు బయట ఉండమనాలి. అట్లా బయట ఉండమన్నందుకు కొందరు మామీద కోపగించుకుంటారు. కోపగించుకోనివ్వండి.

చట్టం మాట కూడా ఒకటి. మన దేశంలో 1971 నుంచి గర్భవిచ్ఛిత్తి చట్టం ఉన్నది. 2021లో దాన్ని సవరించి, చట్టం చెప్పిన కారణాలకు 20 వారాల దాకా ఒక డాక్టరు అభిప్రాయం మీద, కొన్ని ప్రత్యేక పరిస్థితుల్లో 24 వారాల దాకా ఇద్దరు డాక్టర్ల అభిప్రాయం మీద అనుమతించారు. ఆమె పేరు బయటపెట్టడం నేరమని కూడా ఆ చట్టంలో ఉన్నది. ఎవరు ఏ పరిస్థితిలో ఏమి చేయాలన్నది ఈ సభలో మేము చెప్పే విషయం కాదు, అది వారి వారి మనస్సాక్షికీ, పెద్దలకూ సంబంధించినది. గర్భం పోయిన ఏ స్త్రీ అయినా, ఏ కారణంగా పోయినా, మందుల దుకాణంలో అడిగి తెచ్చుకున్న బిళ్ళలతో ఊరుకోకుండా ఒకసారి స్కానింగు చేయించి లోపల ఏమీ మిగలలేదని చూపించుకోవాలన్నంత వరకే మా మాట.

ఎముక లోపల ఉంటే ఏమవుతుంది? కొందరికి ఏమీ కాదు. కొందరికి ముట్టు ఎక్కువగా అవుతుంది, నడుము నొప్పి, తెల్లబట్ట. అప్పుడప్పుడు చిన్న పలుకులు వాటంతటవే బయటపడడమూ ఉన్నది. ముఖ్యమైన బాధ గర్భం నిలవకపోవడం. లోపల పెట్టిన లూపు గర్భాన్ని ఎట్లా రానివ్వదో ఈ ఎముక కూడా అట్లాగే పని చేస్తుంది. సంతోషించవలసిన విషయం ఏమిటంటే, పిల్లలు కలగకపోవడానికి ఉన్న కారణాలన్నిటిలో ఇంత తేలికగా తీసివేయగలిగినది మరొకటి దాదాపు లేదు. హిస్టరోస్కోపీ అనే సన్నని గొట్టం, దాని చివర దీపం, కెమెరా. దాన్ని కింది నుంచే లోపలికి పంపి, కళ్ళతో చూస్తూ చిన్న పట్టకారుతో ఒక్కొక్క ముక్కా తీస్తారు. కోత లేదు, కుట్టు లేదు. చాలామంది ఆ సాయంత్రమే ఇంటికి పోతారు. వెనుకటిలా చూడకుండా గీకితే గోడకు దిగబడిన ముక్క తప్పించుకుపోవచ్చు, పొరకు దెబ్బ కూడా తగులుతుంది. తీసిన ముక్కలను పారేయక ల్యాబుకు పంపాలి. అక్కడ వాటిని ఆమ్లంలో నానబెట్టి మెత్తబరచి, పలచగా కోసి చూస్తారు. అందుకే ఆ రిపోర్టు మామూలు వాటికంటే నాలుగు రోజులు ఆలస్యం. కంగారుపడవద్దు. ఇట్లా తీసిన కొద్ది నెలలకే గర్భం వచ్చిన స్త్రీల గురించి వైద్య పత్రికల్లో ఎన్నో సార్లు వచ్చినది. పైన చెప్పిన ఆమెకూ ఏడాది తిరక్కముందే ఆడపిల్ల పుట్టింది.

ఇదే వరసలో లూపు గురించి ఒక మాట. 1965 నుంచి మన దేశంలో ప్లాస్టిక్ లూపులు వేశారు, ఆ తరువాత కాపర్‌-టీలు వచ్చినవి. వేయించుకొని మరచిపోయినవారు, తీయించుకోవాలని తెలియనివారు ఇప్పటికీ ఉన్నారు. ఏళ్ళు గడిచేకొద్దీ వాటి మీద సున్నం పేరుకొంటుంది, బిందె అడుగున ఉప్పునీళ్ళ గార కట్టినట్లు. ముట్లు ఆగి పదేళ్ళయిన నానీలకు కింది నుంచి చీము, దుర్వాసన ఉంటే ఒకసారి ఆ పాత సంగతి కూడా గుర్తు చేసుకొని డాక్టరుతో చెప్పాలి.

ఇప్పుడు క్షయ గురించి. దీనికి ఎక్కువ సమయం తీసుకుంటాము, మన దేశంలో ఇది ఎక్కువ నష్టం చేస్తున్నది కనుక.

టీబీ అనగానే దగ్గు, రక్తం పడడం అని అనుకుంటాము. 1882 మార్చి 24న రాబర్ట్ కోచ్ కనిపెట్టి చెప్పిన ఆ క్రిమి ఊపిరితిత్తుల్లో దిగి, రక్తంలో ప్రయాణించి ఒంట్లో ఎక్కడైనా కాపురం పెట్టగలదు. స్త్రీలలో అది ముందు గర్భనాళాలను పట్టుకొంటుంది. అక్కడ నుంచి గర్భసంచి లోపలి పొరకు దిగుతుంది. గర్భనాళాల టీబీ ఉన్నవారిలో సగానికి పైగా మందికి పొర కూడా తగిలి ఉంటుంది. దగ్గు ఉండదు. జ్వరం ఉండవచ్చు, ఉండకపోవచ్చు. చాలామందికి ఒకే ఒక్క లక్షణం, పిల్లలు కలగకపోవడం. కొందరికి ముట్టు మూడు రోజులు అయ్యేది ఒక రోజుకు, ఆపైన రెండు చుక్కలకు తగ్గిపోతుంది. “ముట్టు తగ్గింది, మంచిదే కదా” అనుకొని చెప్పరు. అది మంచిది కాదు. లోపలి గోడలు ఒకదానికొకటి అతుక్కుపోతున్నవని అర్థం కావచ్చు.

పాత టీబీ మానినచోట కాల్షియం పట్టడం మామూలే. అది గర్భనాళాల దగ్గర, అండాశయాల దగ్గర, పొత్తికడుపు గ్రంథుల్లో ఎక్కువ కనిపిస్తుంది. లోపలి పొరలో తక్కువ, ఎందుకంటే ఆ పొర నెలనెలా రాలుతుందని ముందే చెప్పుకున్నాము. అందువల్ల పొరలో కాల్షియం కనబడగానే అది టీబీ అని మందులు మొదలుపెట్టకూడదు. అట్లాగని టీబీ కాదని వదిలివేయకూడదు. పొర ముక్క తీసి పరీక్ష చేయించాలి.

ఆ ముక్క తీయడంలో రెండు కిటుకులున్నవి. ఒకటి, ముట్టు రాబోయే ముందు రోజుల్లో తీయాలి. టీబీ గుర్తులు కొత్త పొరలో తయారు కావడానికి సమయం పడుతుంది. ముట్టు అయిన వెంటనే తీస్తే ఆ గుర్తులన్నీ రాలిపోయి ఉంటాయి, ఏమీ లేదని రిపోర్టు వస్తుంది. రెండవది, తీసిన ముక్కను రెండు సీసాల్లో పెట్టాలి. ఒకటి ఫార్మలిన్‌లో, సూక్ష్మదర్శినితో చూడడానికి. రెండోది ఉత్త సెలైన్‌లో, క్రిమిని పెంచి చూడడానికీ, సీబీనాట్ పరీక్షకూ. అంతా ఒకే ఫార్మలిన్ సీసాలో వేస్తే క్రిమి చచ్చిపోతుంది, ఇక పెంచడానికి ఏముంటుంది? మీ ఇంటి మగవారు సీసా ల్యాబుకు తీసుకుపోయేటప్పుడు “రెండు సీసాలున్నవా?” అని అడిగితే తప్పేమీ లేదు.

రక్తం తీసి “టీబీ ఉంది” అని తేల్చే యాంటీబాడీ పరీక్షలను 2012లోనే మన ప్రభుత్వం నిషేధించింది. చేతి మీద సూది వేసే మాంటూ పరీక్ష, రక్తంతో చేసే టీబీ గోల్డు పరీక్ష క్రిమి ఎప్పుడో ఒంట్లోకి వచ్చినదని మాత్రమే చెబుతాయి, ఇప్పుడు గర్భసంచిలో జబ్బు ఉందని చెప్పలేవు. కేవలం ఒక్క పీసీఆర్ కాగితం చూసి ఆరు నెలలు మందులు మింగమన్నా రెండో అభిప్రాయం తీసుకోండి.

జబ్బు ఉన్నదని తేలితే భయపడవలసినది లేదు. నాలుగు రకాల మందులు రెండు నెలలు, మూడు రకాలు నాలుగు నెలలు, మొత్తం ఆరు నెలలు. ప్రభుత్వ ఆస్పత్రిలో పరీక్షలూ, మందులూ ఉచితం. ప్రైవేటు డాక్టరు దగ్గర వైద్యం చేయించుకున్నా పేరు నమోదు చేయాలని 2012 నుంచి నిబంధన. నమోదైనవారికి పోషకాహారం కోసం 2018లో నెలకు 500 రూపాయలు ఇవ్వడం మొదలుపెట్టి, 2024 నవంబరు నుంచి 1000 చేశారు. బ్యాంకు ఖాతాలో పడుతుంది. పేరు నమోదైతే ఊరంతా తెలుస్తుందేమో అని వదులుకున్నవారున్నారు. ఊరికి చాటింపు వేయరు. మందులతో మూత్రం నారింజ రంగులోకి మారుతుంది, అది మామూలే. కళ్ళు పచ్చబడినా, వాంతులు ఆగకపోయినా, ఎరుపు ఆకుపచ్చ రంగుల తేడా తెలియకపోయినా వెంటనే చెప్పాలి. ఈ మందులు వాడేటప్పుడు గర్భనిరోధక బిళ్ళలు సరిగా పని చేయవని కూడా తెలుసుకోండి. ఒకే మంచం, ఒకే కంచం వల్ల గర్భసంచి టీబీ భర్తకు అంటుతుందనే భయం వద్దు. ఊపిరితిత్తుల్లో కూడా ఉంటేనే ఇంట్లోవారికి ప్రమాదం, అందుకని ఛాతీ ఎక్స్‌రే తీయిస్తాము.

ఒక్క చేదు నిజం దాచకుండా చెబుతాము. మందులు క్రిమిని చంపుతాయి, మూసుకుపోయిన గర్భనాళాన్ని మాత్రం తెరవలేవు. పేరుకున్న కాల్షియాన్నీ కరిగించలేవు. అసలు దాన్ని కరిగించే మందు ఏదీ లేదు. “సున్నం కరిగించే చూర్ణం” అని వేలకు వేలు తీసుకునేవారిని నమ్మవద్దు. పొర బాగుంటే టెస్ట్‌ట్యూబ్ పద్ధతిలో ఆశ ఉంటుంది. పొర పూర్తిగా నాశనమైతే ఆ ఆశా సన్నగిల్లుతుంది. పెళ్ళయిన రెండో ఏడు వచ్చిన స్త్రీకీ, పదో ఏడు తాయెత్తులన్నీ అయిపోయాక వచ్చిన స్త్రీకీ తేడా ఇదే. మందులు వాడిన తరువాత గర్భం వస్తే తొందరగా స్కానింగు చేయించాలి. దెబ్బ తిన్న నాళంలోనే గర్భం నిలిచిపోయే ప్రమాదం ఉంది. ముట్టు తప్పి, ఒక పక్క కడుపునొప్పి, కళ్ళు తిరగడం ఉంటే అర్ధరాత్రయినా ఆగవద్దు.

పెద్ద వయసువారి సంగతి కొంచెం. పొరలోని కాల్షియం కొన్నిసార్లు ఇసుక రేణువుల్లాగా, గుండ్రంగా, పొరలు పొరలుగా ఉంటుంది. కంటికి కనబడదు, సూక్ష్మదర్శినిలోనే కనబడుతుంది. ఇటువంటివి మామూలు పిలకల్లో, లూపు ఉన్నవారిలో, హార్మోన్ బిళ్ళలు వాడేవారిలో కూడా ఉంటాయి. ముట్లు ఆగిన స్త్రీలో కనబడితే మాత్రం ఒక రకం క్యాన్సరు లేదని తేల్చుకోవాలి. ఆ రకం పలచబడిన పొరలోనే పుట్టగలదు. ముట్లు ఆగి ఏడాది దాటాక ఒక్క చుక్క రక్తం కనిపించినా చూపించుకోవాలి. నూటికి తొంభై మందికి అది క్యాన్సరు కాదు. మిగిలిన కొద్దిమందిలో మొదటనే పట్టుకుంటే చాలావరకు నయమవుతుంది. “ఈ వయసులో ఇదేమి సిగ్గుమాలిన మాట” అని ఆరు నెలలు గుడ్డ దాచి ఉతుక్కున్న ఒక దాదీని చివరకు మనుమరాలు తీసుకువచ్చింది. ఆమెకు చిన్న పిలక మాత్రమే, తీసేశాము. ఆరు నెలలు ఆమె నిద్ర లేకుండా గడపవలసిన అవసరం లేకపోయింది.

ఇంత సేపూ ఆడవారి పరీక్షలే చెప్పాము. పిల్లలు కలగలేదని ఏ దంపతులు వచ్చినా మేము మొదట అడిగేది భర్త వీర్య పరీక్ష. మూడు నాలుగు రోజుల నియమం, ఒక్క సీసా, కొద్ది ఖర్చు. అది చేయించకుండా భార్యకు మూడుసార్లు గీకించి, ట్యూబు ఎక్స్‌రే తీయించి, చివరకు రెండో సంబంధం చూస్తున్న ఇంటికి మేము కబురు పంపవలసి వచ్చినది. మగవారు వెనుక వరసల్లో కూర్చున్నారు, వినబడుతున్నదనే అనుకుంటున్నాము.

సభలో చీటీలు వచ్చినవి. కొన్నిటికి ఇక్కడే జవాబు చెబుతాము.

“పెళ్ళి కాని అమ్మాయికి ఈ స్కానింగు చేయవచ్చునా?” చేయవచ్చు. నీళ్ళు బాగా తాగించి కడుపు మీద నుంచే చూస్తారు, లోపలి స్కానింగు అవసరం లేదు. లేడీ డాక్టరు కావాలని అడగండి, తల్లి పక్కన ఉండవచ్చు.

“రంజాన్ నెలలో టీబీ మందులు ఎట్లా?” మందు ఒక్క రోజు కూడా ఆపకూడదు. ఓపిక ఉన్నవారు సహరీ వేళకు మార్చుకోవచ్చునేమో తమ డాక్టరును అడగాలి. ఓపిక లేని రోగికి మినహాయింపు ఉన్నదని మాకంటే ఇక్కడున్న పెద్దలకు బాగా తెలుసు.

“కాల్షియం ఉంది, ముందు ముందు క్యాన్సరు అవుతుంది, గర్భసంచి తీసేయమన్నారు. వయసు 34.” దీనికి కొంచెం వివరంగా చెప్పాలి. మన రాష్ట్రాల్లో ఈ ఆపరేషన్ అవసరానికి మించి జరుగుతున్నది. 2015-16 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో 15 నుంచి 49 ఏళ్ళ స్త్రీలలో గర్భసంచి తీయించుకున్నవారు దేశం మొత్తం మీద నూటికి ముగ్గురు ఉంటే, ఆంధ్రప్రదేశ్‌లో దాదాపు తొమ్మిది మంది, తెలంగాణలో దాదాపు ఎనిమిది మంది. కాల్షియం క్యాన్సరుగా మారదు. ముక్క పరీక్ష రిపోర్టు చేతిలో లేకుండా కేవలం స్కానింగు మాట మీద 34 ఏళ్ళకు గర్భసంచి తీయించుకోవద్దు. ఆ రిపోర్టు తీసుకొని ఇంకొక డాక్టరు దగ్గరకు వెళ్ళండి.

“ఎముక తీసిన తరువాత మళ్ళీ పెరుగుతుందా?” పూర్తిగా తీస్తే పెరగడం అరుదు. తరువాత వచ్చే ముట్టు అయ్యాక ఒకసారి స్కానింగు చేయించి, ఏమీ మిగలలేదని చూసుకొని, ఒకటి రెండు నెలల తరువాత గర్భానికి ప్రయత్నించవచ్చు.

ఇంకొక రెండు చీటీలు పేర్లు రాసి పంపినారు. వాటికి మైకులో జవాబు చెప్పడం లేదు. రాసినవారు భోజనాల తరువాత వంటశాల పక్కనున్న గదికి రాగలరు, అక్కడ మేమే ఉంటాము.